రాజు ఇచ్చిన మాట

ఎనభైల మొదట్లో, పిస్కాటవేలోని మా అపార్ట్‌మెంట్‌లో, వంటింటి బల్ల మీద ఒక చచ్చిన ఇంగ్లీషు ప్రభువు కూర్చుని ఉండేవాడు. పదిహేడో శతాబ్దం మనిషి. యూనివర్సిటీలో నా పరిశోధన ఆయన మీదే, బల్ల నిండా ఆయన గురించిన పుస్తకాలే. రాజుకు కుడిభుజం. రాజు చెప్పిన పాడు పనులన్నీ చేశాడు, లోకం తిట్లన్నీ తనే తిన్నాడు. పార్లమెంటు పగబట్టిన వేళ, దూరాన క్షేమంగా ఉన్నవాణ్ణి రాజు లండన్‌కి రమ్మన్నాడు. నీ ప్రాణానికి నాది పూచీ అన్నాడు. వెర్రిబాగులవాడు, వెళ్లాడు.

మావారిది మందుల కంపెనీ. ఆ చలికాలం ఒక మందు పరీక్షల్లో తేడా వచ్చింది. హడావిడిగా ముగించమన్నది ఆయన బాస్, ముగించింది మావారు. పైవాళ్లు విచారణ మొదలుపెట్టారు. మా గ్రీన్‌కార్డు ఆ కంపెనీ చేతిలో ఉంది. నేను కడుపుతో ఉన్నాను. ఉద్యోగం పోతే ఈ దేశంలో మాకు చోటు లేదు.

అదే సమయానికి క్యారీ అనే ఊళ్లో ఇంకో కంపెనీ ఆయన్ని రమ్మంది, గ్రీన్‌కార్డు సంగతీ చూసుకుంటామంది.

"యాక్సెప్ట్ చేసెయ్యండి. ఇంకా ఎవరికోసం?" అన్నాను.

"ఇప్పుడు వెళ్లిపోతే తప్పంతా నాదేనంటారే. విచారణ మీటింగ్‌లో నా పక్కనే కూర్చుంటానని బాస్ మాటిచ్చాడు."

"ఆ రాజూ ఇచ్చాడు మాట."

"అబ్బ, సంధ్యవేళ ఏం మాటలవి! తథాస్తు దేవతలుంటారు."

ఒళ్లు మండి, లేచి దీపం వెలిగించడానికి వెళ్లాను.

ఆ ఆదివారం బాసును భోజనానికి పిలిచారు. పులిహోర, కారం తగ్గించిన వంకాయ కూర చేశాను. ఆయన రెండోసారి వడ్డించుకుని మరీ తిన్నాడు. వెళ్లేముందు గుమ్మంలో మావారి భుజం మీద చెయ్యి వేసి, నువ్వు నా కొడుకులాంటివాడివి అన్నాడు. బాసు కళ్లలో నీళ్లు తిరిగాయి.

"చూశావా? మన ఉప్పు తిన్నాడు. అన్నం తిన్న ఇంటికి ఎవడైనా ద్రోహం చేస్తాడా?" అన్నారు మావారు. మర్నాడు క్యారీకి ఫోన్ చేసి రానని చెప్పేశారు.

నాకు మాత్రం ఆ కన్నీళ్లు చూశాకే భయం పట్టుకుంది. జనం చంపమని కేకలు వేస్తుంటే ఆ రాజు కూడా ఏడ్చాడు. ఏడుస్తూనే ఆ ప్రభువు మరణశిక్షకు ఒప్పుకున్నాడు. మావారికి ఇది చెప్పలేదు, చెప్పినా వినరు. మన ఉప్పుకు విశ్వాసం మన దగ్గరే. అక్కడ ఉప్పు ఉప్పే.

మీటింగ్ రోజున "వెళ్తున్నానే" అని బయల్దేరారు. "వెళ్లొస్తాననండి!" అని గుమ్మంలోంచి అరిచాను. అప్పటికే కారు మంచులో మలుపు తిరిగిపోయింది.

మధ్యాహ్నానికే తిరిగొచ్చారు. చేతిలో అట్టపెట్టె, అందులో ఆయన కాఫీ కప్పు, మా పెళ్లి ఫొటో.

"మీ బాస్ ఏమన్నాడు?"

"రాలేదు. తప్పంతా నా మీదికి నెట్టి, కాగితం రాసి సంతకం పెట్టి పంపాడు. క్యారీకి ఫోన్ చేశాను. ఆ జాబ్ ఇంకొకరికి ఇచ్చేశారట."

బూట్లు విప్పకుండానే వంటింటి బల్ల దగ్గర కూలబడ్డారు. నా పుస్తకాల వంక చాలాసేపు చూశారు. ఆ తర్వాత నా కడుపు వంక.

"ఆ ప్రభువుకి పిల్లలున్నారా?"

"ఉన్నారు."

"వాళ్లేమయ్యారు?"

"అంతదాకా నేనింకా చదవలేదండీ," అన్నాను.