ఆపడం తెలిసిన చెయ్యి

మా పెద్దమ్మ కూతురు సుగుణక్క గుండెపోటుతో ప్రభువు సన్నిధికి చేరిందన్న వార్త చేవెళ్ల బస్సులో విన్నాను. దిగ్భ్రాంతితో దిగవలసిన చోట దిగనేలేదు. మొయినాబాద్‌లో ఆమె ఇంటికి చేరాక దుఃఖం కన్నా ముందు ఆగ్రహమే వచ్చింది.

ఒక పెద్దమనిషి ఆమెను "మొండి కంచరగాడిదల మెడలు వంచిన ధీరవనిత" అని కీర్తిస్తున్నాడు. అక్క ఏ మెడా వంచలేదు. ఫామ్‌హౌసుల వాళ్లు బగ్గీలకని కంచరగాడిదలను కొంటారు. మూతికి తాడు బిగించి, ఒంటిమీద ఈగల మందు ఒక్కసారిగా స్ప్రే చేస్తారు. తన్నితే మొండిదంటూ, దారికి తెమ్మని అక్క దగ్గర వదిలేస్తారు. ఈగల బాధకు మందున్నది గాని, ఈ ఈగోల బాధకేదీ?

అలా వదిలేసిన వాటిని అక్క తన కొట్టంలో చేర్చుకునేది. ముందు సీసాలో మందు కాదు, ఉత్త నీళ్లు. దూరంగా నేలమీద బుస్సుమనిపించేది. జంతువు కదలక నిలబడిన క్షణాన చెయ్యి ఆపేది. ఆ ఆపడమే దానికి బహుమానం. తర్వాత భుజం, కాళ్లు, నెమ్మదించాకే మందు. మొహానికైతే గుడ్డతో తుడవడమే.

ఒకసారి నేను సాయపడబోయాను. మోతి అనే కంచరగాడిద ఎగిరింది. భయపడి స్ప్రే ఆపేశాను.

"ఏం నేర్పినవ్‌రా దానికి?" అన్నది అక్క.

"నేనేం నేర్పలేదక్క."

"నేర్పినవ్. ఎగిరితే నువ్వు ఆగుతవని నేర్పినవ్. బడిల పోరగాండ్లకు గూడ గిట్లనే చెప్పినవా?"

నా ఉపాధ్యాయ జీవితంపై వచ్చిన నిష్పాక్షిక సమీక్ష అదొక్కటే.

అంత్యక్రియలకు అజీజ్‌నగర్ నుంచి మోతి యజమాని కూడా వచ్చాడు. పరామర్శ అయీ కాకముందే, ఇంకా కొట్టంలోనే ఉన్న మోతిని చూపిస్తూ, "మేడం లేదు గద సార్, దీన్నెవరు పడ్తరు? ఈ వారం సంతకు తోలేస్త" అన్నాడు.

శవపేటికను కొట్టం పక్కనుంచి తీసుకుపోతుంటే, మావాళ్ల ఆనవాయితీ ప్రకారం మేనల్లుడు దానిమీద సెంటు స్ప్రే చేస్తున్నాడు. ఆ బుస్సుకు మోతి చెవులు నిక్కించింది. యజమాని వెనక్కి జరిగాడు. మోతి కదల్లేదు. తల దించి, అలాగే నిలబడింది. సెంటు మాత్రం ఆగలేదు.

నేను మేనల్లుడి మణికట్టు పట్టుకున్నాను. "ఆపు బిడ్డా. అది నిలబడ్డది."

"గాడిదకు గింత మర్యాదనా సార్?" అన్నాడు యజమాని.

"మా అక్కకు" అన్నాను.

మోతిని ఇక సంతకు తోలడట. ఇంత బుద్ధిగా నిలబడుతున్నది గనక మళ్లీ బగ్గీకి కడతాడట. తాడు, మందు సిద్ధంగానే ఉంటాయి. స్ప్రే కొట్టే చేతులకు మొయినాబాద్‌లో కొదవలేదు. ఆపడం తెలిసిన ఒక్క చేతినీ మట్టికిచ్చి వచ్చాం.