సుభద్ర నాన్నగారి చేత పాడించిన రోజు

మా ముత్తాత జగన్నాథ రాయణింగారు పన్నెండూళ్ళ జమీందారు. మా తాత భూపతి రాయణింగారి దివాణానికి నాట్యమేళాలు వచ్చి, నిలబడి దండాలు పెట్టేవి. ఆయన వెండి తొడుగు కుర్చీలో కూర్చుని చూసేవారు. ఆ వంశంలో మొదట కాలికి గజ్జె కట్టింది నా చెల్లెలు సుభద్ర. మొన్న ఆదివారం అమెరికాలో, ఎడిసన్‌లో గుండె ఆగి కన్నుమూసింది. ఫోను పెట్టేశాక కూడా నేను నమ్మలేదు. ఎవరు ఆపినా ఆగని మనిషి ఆమె.

పంతొమ్మిది వందల డెబ్బైల చివర, మా కుటుంబం అమెరికా చేరాక, తన పద్నాలుగేళ్ళప్పుడు, న్యూజెర్సీలోని ఒక చిన్న టీవీ స్టేషన్ వారి లైవ్ వినోద కార్యక్రమానికి నాట్యం చేయడానికి వెళ్ళింది. ఆమెకు ముందు ఒక గారడీవాడు, తర్వాత ఒక మాట్లాడే చిలుక. సరిగ్గా ఆమె వంతుకి పాట క్యాసెట్ చిక్కుకుపోయింది. వ్యాఖ్యాత నవ్వేసి, తమ ఆర్గన్ వాద్యకారుడు పాములవాడి ట్యూన్ వాయిస్తాడనీ, దానికి ఊగితే చాలనీ ఇంగ్లీషులో అన్నాడు.

సుభద్ర నవ్వలేదు. "నో సర్. మా డాడీ పాడతారు" అని కెమెరా ముందే చెప్పి, పక్కన నిలబడ్డ నాన్నగారి వైపు తిరిగింది.

"నేనా? లైవ్‌లోనా? మనవాళ్ళంతా చూస్తున్నారమ్మా!"

"చూడనివ్వండి డాడీ. రోజూ నా ప్రాక్టీస్ విని పాట మొత్తం మీకొచ్చేసిందిగా. కమాన్!"

నాన్నగారు సూటుతోనే నేల మీద కూర్చున్నారు. వ్యాఖ్యాత గడియారం చూపిస్తున్నా సుభద్ర తొందరపడలేదు. తొక్కబోయే నేలను తాకి, చేతులు కళ్ళకద్దుకుని, క్షమించమని కోరాకే లేచింది. నాన్నగారి గొంతు మొదట వణికింది. ఆమె అడుగు పడగానే నిలదొక్కుకుంది.

సాయంత్రం మావయ్య ఫోన్ చేశాడు. "జమీందారు బిడ్డ మేళగాడిలా నేల మీద కూర్చుని పాడతాడా? పరువు తీశారు కదే!"

"నెక్స్ట్ మంత్ మళ్ళీ పిలిచారు మావయ్యా. టైమ్ ముందే చెప్తా, మిస్ అవ్వకు" అంది సుభద్ర.

అన్నట్టే వెళ్ళింది. తర్వాత మరికొన్ని స్టేషన్లకూ వెళ్ళింది. ఎక్కడికి వెళ్ళినా రెండు షరతులు: పాట తను ఎంచుకున్నదే, నేలకు నమస్కారం అయ్యాకే ఆట. ఒప్పుకోని చోట గజ్జెలు సంచిలోంచి తీసేది కాదు.

"కుర్చీ దిగితే మనిషి తగ్గడు అన్నయ్యా" అనేది. మా పరువు పోయిందని ఇప్పటికీ అనేవాళ్ళున్నారు. పోలేదు. మాకంటూ మిగిలిన పరువు ఆ స్టూడియో నేల మీద నా చెల్లెలు సంపాదించిందే. తలవంచి నమస్కరిస్తున్నాను. ఆమె చోటు నింపగలవారు మా ఇంట ఇక లేరు.

తాతగారి వెండి తొడుగు కుర్చీని నాన్నగారు తాను పాడిన ఆ ఏడాదే అమ్మేశారు.