టీచరమ్మకు రొట్టె తట్టడం రాని రోజులు

నా చిన్నప్పుడు మా ఇంట్లో పొయ్యి లేదు. అంటే వంట జరగలేదని కాదు. మూడు రాళ్ళు పెట్టి, వాటిమీద పెనం పెట్టి మా అమ్మ రోజూ వండేది. కానీ ఎర్రమట్టి తెచ్చి, మెత్తి, అలికి పొయ్యి వేసుకున్నామంటే ఇక ఆ ఊళ్ళో ఉండిపోతున్నట్టే లెక్క. మేం ఉండిపోవడానికి రాలేదు. నంద్యాలకు వచ్చి రెండేళ్ళు దాటినా మా అమ్మ దృష్టిలో మేం ఇంకా బస్సు దిగుతూనే ఉన్నాం.

మాది కొలిమిగుండ్ల దాటి లోపలికి పోతే వచ్చే చిన్న పల్లె. పదెకరాల రైతులం. వరసగా మూడేళ్ళు వాన మొహం చాటేసింది. ఆ పదెకరాల్లో రాళ్ళు తప్ప ఏమీ పండలేదు. రాళ్ళు మాత్రం బాగా పండాయి. మా నాయన ఎద్దులను మామ ఇంట్లో వదిలిపెట్టి, ట్రంకుపెట్టెను, పెనాన్ని, మా అమ్మను, నన్ను అదే వరసలో జాగ్రత్తగా బస్సెక్కించి నంద్యాల చేర్చాడు. పత్తి మిల్లులో బేళ్ళు మోసే పని దొరికింది. మిల్లు వెనక కొట్టాల వీధిలో తల దాచుకోవడానికి బోదగడ్డి కప్పిన ఒక కొట్టమూ దొరికింది.

ఆ వీధిలో ఉన్నవాళ్ళంతా మాలాగా ఊరు విడిచి వచ్చినవాళ్ళే. దొర్నిపాడు వైపువాళ్ళు ఒక వరస, ఆత్మకూరు అడవి అంచునుంచి వచ్చినవాళ్ళు ఒక వరస, మా వైపువాళ్ళు ఒక వరస. ఒక వరసవాళ్ళు ఇంకో వరసవాళ్ళతో పెద్దగా మాట్లాడేవాళ్ళు కాదు. రేపో మాపో వెళ్ళిపోయేవాళ్ళకు స్నేహాలు దండగని అందరి అభిప్రాయం. మట్టిపొయ్యి ఉన్న ఇళ్ళు వీధి మొత్తంలో రెండో మూడో ఉండేవి. పాపం ఊరి మీద ఆశ వదులుకున్నారని మిగతావాళ్ళు వాళ్ళ మీద జాలిపడేవాళ్ళు.

వీధి మొదట్లో నాపరాళ్ళ మిద్దె ఒకటి ఉండేది. రెండు గదులు, ముందు ఒక అరుగు. అందులో టీచరమ్మ ఉండేది. ఆళ్ళగడ్డ ఆమె. అక్కడ చాలా ఏళ్ళు పిల్లలకు చదువు చెప్పి, పని చాలించుకున్నాక ఏరికోరి మా వీధిలో ఇల్లు బాడుగకు తీసుకుంది. మంచి వీధులు అన్ని ఉండగా ఇక్కడికి ఎందుకొచ్చిందో ఎవరికీ అర్థం కాలేదు. కొంచెం తిక్క మనిషని తేల్చుకున్నాక అందరికీ మనసు కుదుటపడింది. పగలంతా ఆ ఇంటి తలుపు తెరిచే ఉండేది. మిల్లుకు పోయే తల్లులు పసిపిల్లలను అక్కడ వదిలి పోయేవాళ్ళు. ఆమె ఊళ్ళకు ఉత్తరాలు రాసిపెట్టేది, జ్వరానికి బిళ్ళలు ఇచ్చేది, సాయంత్రాలు ఆడవాళ్ళకు అక్షరాలు దిద్దించేది. మూడు వరసలవాళ్ళు ఒకరి పక్కన ఒకరు కూచున్నది ఆ గదిలోనే. గది చిన్నది కాబట్టి వేరే దారి లేదు.

పెద్ద పెద్ద దేశాల్లో, పొట్టచేత పట్టుకుని నగరాలకు వచ్చిన బీదల వాడల్లో, చదువుకున్నవాళ్ళు ఇలాగే ఇల్లు తీసుకుని వాళ్ళ మధ్య బతికేవాళ్ళనీ, అలాంటి ఇళ్ళను సెటిల్‌మెంట్ హౌస్ అంటారనీ నేను బి.ఏ.లో చదువుకున్నాను. పరీక్షలో దాని మీద ప్రశ్న వస్తే జొన్నరొట్టె గురించి రెండు పేజీలు రాశాను. దిద్దినాయన అర మార్కు వేశాడు. ఆయన తప్పేం లేదు. పుస్తకంలో రొట్టె లేదు.

ఆ ఇంటికి పోనిది మా అమ్మ ఒక్కతే. ఒకరి దగ్గర ఊరకే తీసుకోవడమంటే ఆమెకు ప్రాణం పోయినట్టుండేది. పైగా పదెకరాల రైతు భార్య, టీచరమ్మేమో కిరస్తానీ. పరాయి ఇంట్లో మా అమ్మ మంచినీళ్ళు కూడా తాగేది కాదు. అందుకని ఒకరోజు టీచరమ్మే మా కొట్టానికి వచ్చింది. చేతిలో ఒక కొత్త పలక ఉంది. నన్ను బడిలో చేర్పించమని, నెలాఖరు దాకా చేర్చుకుంటారని, నాకు అప్పటికే ఎనిమిదేళ్ళు కనుక ఈ ఏడు దాటితే ఒకటో తరగతిలో కూచోనివ్వరని నిదానంగా చెప్పింది.

"వానొస్తే పోతాం టీచరమ్మా. రెణ్ణెల్ల భాగ్యానికి బడెందుకు?" అంది మా అమ్మ. ఆ రెణ్ణెల్లకు అప్పటికి రెండేళ్ళు నిండాయి. "పలక కూడా తీస్కపో. ఊరకే తీస్కునేది మాకు అలవాటు ల్యా."

మా నాయన అక్కడే ఉన్నాడు. ఆయన రోజుకు మాట్లాడే మాటలను ఒక చేతి వేళ్ళమీద లెక్కపెట్టవచ్చు, అప్పుడూ బొటనవేలు మిగిలిపోయేది. ఆరోజు ఐదు వేళ్ళూ మిగిలిపోయాయి.

నాకు చదువంటే ప్రాణమని ఇప్పుడు గొప్ప చెప్పుకోను. బడికి పోతే పేడ ఏరడానికి పోనక్కర్లేదన్నది నా మొదటి ఆలోచన. అయినా ఆ పలక మా గడప దాకా వచ్చి వెనక్కి పోతుంటే, టీచరమ్మ తన అరుగు ఎక్కేదాకా చూస్తూ నిలబడ్డాను.

మరునాటి నుంచి టీచరమ్మ అరుగు మీద పొయ్యి పెట్టి జొన్నరొట్టెలు చేయడం మొదలుపెట్టింది.

జొన్నరొట్టె సంగతి తెలియనివాళ్ళకు ఒక మాట చెప్పాలి. మా సీమలో రొట్టెను కర్రతో వత్తరు, అరచేత్తో తడతారు. ఆ చప్పుడు గోడ అవతలికి వినిపిస్తుంది. దాన్ని బట్టి ఆ ఇంటి ఆడమనిషి నేర్పరితనమేమిటో వీధివీధంతా నిర్ణయిస్తుంది. టీచరమ్మ చప్పుడు ఎవరో తలుపు కొట్టి పారిపోతున్నట్టు ఉండేది. రొట్టె సగంలో చీలేది, పెనం మీద వేసేలోపు మూడు ముక్కలయ్యేది, మిగిలింది మాడేది. ఆ మాడు వాసన సరిగ్గా మా కొట్టం వైపే వచ్చేది.

మా అమ్మ రెండు రోజులు వినబడనట్టు పని చేసుకుంది. మూడోరోజు మన రొట్టెలు మనం చేసుకుంటున్నా ఆ చప్పుడుకు చేయి తప్పుతోందని విసుక్కుంది. నాలుగోరోజు చేతిలో పిండి చేతిలోనే ఉండగా లేచి, చరచరా అరుగు దగ్గరికి పోయింది. వెనకాలే నేను.

"ఏందమ్మా అది? రొట్టె తడ్తాండావా, దాంతో కొట్లాడ్తాండావా?"

"ఏం చేసేదమ్మా," అంది టీచరమ్మ, ముక్కు మీద పిండితో. "మిల్లునుంచి వచ్చే తల్లులకు ఇంత రొట్టె పెడదామంటే నాకు చేతగాకపాయె."

"ఇంత వయసొచ్చినా రాలేదా?"

"వచ్చినోళ్ళకంతా చదువు చెప్పేదే సరిపాయె. నాకు ఎవురు నేర్పినారు?"

మా అమ్మ గిన్నెలోని పిండిని ఒకసారి వేలితో నొక్కి చూసింది. తర్వాత టీచరమ్మ మొహం చూసింది. "జరుగు," అంది.

ఆనాటి నుంచి రోజూ మధ్యాహ్నం మా అమ్మ ఆ అరుగు మీదికి పోయేది. కొన్ని నియమాలు పెట్టుకుని పోయేది. మన చెంబు, మన నీళ్ళు. చాప మీద కూచోకూడదు. వారం తిరిగేసరికి చాప మీద కూచుంది, మోకాళ్ళ నొప్పులని చెప్పి. ఇంకో నాలుగు రోజులకు అక్కడే ఒక రొట్టె తినేసింది. తన చేతి రొట్టె కాబట్టి తప్పు లేదని తనకు తనే తీర్పు చెప్పుకుంది. పక్క వరసలవాళ్ళు కూడా వచ్చి చూసేవాళ్ళు. ఆత్మకూరు వైపు నుంచి వచ్చిన ఒకామె, "అంత పల్చన చేస్తే కడుపు నిండుతాదా?" అనేది. "మా తావున అద్దం మాదిరి చేస్తాం, మీ తట్టు మొద్దులు కొడ్తారేమో," అనేది మా అమ్మ. అలా మూడు వరసలకూ మాటలు కలిశాయి. టీచరమ్మ మాత్రం ఎంత నేర్పినా నేర్చుకునేది కాదు.

ఒకరోజు మా అమ్మ చెంబు అక్కడే మరిచిపోయి వస్తే, నేను తేవడానికి పోయాను. అరుగు మీద ఎవరూ లేరు. లోపలి గదిలోంచి రొట్టె చప్పుడు వినిపిస్తోంది. ఒక్క తాళం తప్పకుండా, నిండుగా. తొంగిచూశాను. టీచరమ్మ ఒక్కతే కూచుని రొట్టె తడుతోంది. రొట్టె దానంతటదే చేతికింద తిరుగుతోంది. మా అమ్మ వినకూడదు కానీ, మా అమ్మ రొట్టెకన్నా గుండ్రంగా ఉంది.

ఆమె తల తిప్పి నన్ను చూసింది. తట్టడం ఆపలేదు.

"చూస్తివా?"

"ఊ."

"మీయమ్మకు చెప్తావా?"

"చెప్పకుంటే ఏమిస్తావు?" అన్నాను. ఎనిమిదేళ్ళ పిల్లను, మర్యాదలు ఇంకా రాలేదు.

"బడి," అంది టీచరమ్మ. "నెలాఖరు దాకా నోరు తెరవాకు పాపా."

ఇంకా పదకొండు రోజులున్నాయి. నా జీవితంలో ఎన్నో పరీక్షలు రాశాను కానీ ఆ పదకొండు రోజులంత కష్టమైనది ఏదీ రాయలేదు. మా అమ్మ ఇంటికి వచ్చి, "ఆ యమ్మకు ఎంత చదువుంటే ఏం, చేతులే ల్యావు," అన్నప్పుడల్లా నేను లేచి బయటికి పోయేదాన్ని.

నెలాఖరుకు ఒకరోజు ముందు టీచరమ్మ మొదటిసారి చీలని రొట్టె చేసింది. మా అమ్మ దాన్ని వెలుతురుకు పట్టి చూసి తల ఊపింది. అప్పుడు టీచరమ్మ అంది: "ఇన్ని దినాలు నేర్పినావు. ఊరకే తీస్కునేది నాకూ అలవాటు ల్యా. నేనూ నీకేమన్నా నేర్పల్ల."

మా అమ్మ ఆ రొట్టెను పెనం పక్కన పెట్టి, చేతి పిండి దులుపుకుంది.

"నాకీ వయసులో ఏం నేర్పుతావులే," అంది. "అదో, ఆ పిల్లకు నేర్పు."

మరునాడు బడిలో పెద్దసారు పుస్తకం తెరిచి, "ఏ ఊరమ్మా?" అని అడిగాడు. మా అమ్మకు మా పల్లె పేరు నోటి దాకా వచ్చినట్టు కనిపించింది. కొంగు సర్దుకుని, "ఇప్పుడైతే నంద్యాలే," అంది. ఆ సాయంత్రం కాలవగట్టు నుంచి గంపెడు ఎర్రమట్టి తెచ్చి, గడ్డి కలిపి తొక్కి, పొయ్యి వేసింది. వానొస్తే ఎట్లా అని అడిగాను. "వానొస్తే రానీ. పొయ్యి ఈడే ఉంటాది, యాడికి పోతాది?" అంది. ఆ ఏడు వాన వచ్చింది. మేం పోలేదు.

నాకు కాలేజీలో పాఠాలు చెప్పే ఉద్యోగం వచ్చాక, మా అమ్మను తీసుకుని ఆళ్ళగడ్డ పోయాను. టీచరమ్మ అప్పటికి బాగా పెద్దదై, అక్కడ తమ్ముడింట్లో ఉంటోంది. ఇద్దరూ పక్కపక్కన కూచుని, ఒకరి చేయి ఒకరు పట్టుకుని, ఎక్కువసేపు జొన్నలు మునుపటిలా లేవని మాట్లాడుకున్నారు. తిరుగుబస్సులో నేను ఇక ఆగలేక, అన్నేళ్ళు దాచిన రహస్యం మా అమ్మకు చెప్పేశాను.

మా అమ్మ కిటికీలోంచి చేలను చూస్తూనే ఉంది. "తెల్సులే," అంది.

"ఎప్పుడు తెల్సు?"

"పోయిన మొదటి దినమే. పిండి నొక్కి చూసినా. మరిగిన నీళ్ళు పోసి, వెన్న మాదిరి పిసికిండాది. పిండి అట్ల పిసికే మనిషికి తట్టేది రాదంటే ఎవురు నమ్ముతారు?"

"మరి రోజూ ఎందుకు పోతివి?"

"ముసిలామె నా కోసం ఎండలో కూచోని అంత పిండి పాడు చేస్తాంటే, పోకుంటే ఎట్లమే?"

ఇప్పుడు నేనూ ముసలిదాన్నే. నంద్యాలలో మా వీధి చివర పెద్ద మేడ ఒకటి కడుతున్నారు. పనికి ఎక్కడో ఒడిశా నుంచి వచ్చిన కుటుంబాలు అక్కడే రేకుల కింద ఉంటున్నాయి. వాళ్ళలో ఒక అమ్మాయి మూడు ఇటుకలు పెట్టి వండుకోవడం చూసి, పోయిన వారం నేను సూది, దారం, ఊడిన బొత్తం ఒకటి పట్టుకుని పోయాను. కళ్ళద్దాలు తీసి సంచిలో దాచుకున్నాను. కనబడటం లేదమ్మా, కాస్త దారం ఎక్కించమని సైగచేసి అడిగాను. ఆ అమ్మాయి నా ముక్కు మీద కళ్ళద్దాల గుర్తు వైపు ఒక్క క్షణం చూసింది. దారం ఎక్కించి ఇచ్చి, కూచోమని ఒక గోనెసంచి పరిచింది.

వాళ్ళ పాపకు ఏడేళ్ళుంటాయి. బడులు తెరిచే రోజులు దగ్గరపడుతున్నాయి. ఈలోపల మా ఇంట్లో ఇంకా చాలా బొత్తాలు ఊడవలసి ఉంది.