తీర్పు తర్వాతి పని

జువ్వలదిన్నె బస్సులో ఎవరి గంపలోనుంచో ఎండుచేపల వాసన గుప్పుమంటే పక్కసీటాయన ముక్కు మూసుకున్నాడు. నేను హాయిగా పీల్చాను. ఆ వాసన తగిలితే చాలు, నాకు దేవసహాయం గారు గుర్తొస్తారు. మీరెవరూ ఆయన్ని చూసి ఉండరు. నెల్లూరులో వకీలుగా మొదలై, యుద్ధం రోజుల్లో నల్లకోటు విప్పేసి పట్టాళంలో చేరి, కెప్టెనుగా తిరిగొచ్చి, జనం ఓట్లతో శాసనసభకు వెళ్లి, చివరికి అదీ వదిలేసి జడ్జి అయిన మనిషి. అరవైల మొదట్లో నేను ఆయన దగ్గర టైపిస్టును. ఆయన కోపానికి కోర్టంతా హడలేది. నేనూ తక్కువ తినలేదు, మొహం ముడుచుకునే టైపు కొట్టేవాణ్ణి.

అప్పుడే పోలయ్య తన పడవ కోసం వేసిన కేసు వచ్చింది. అతనిది విడవలూరుకు అవతల, సముద్రపు ఒడ్డున చిన్న పాళెం. గంగమ్మ కొలుపు నాడు ఎవరూ చేపల వేటకు పోకూడదని అక్కడి కట్టుబాటు. ఇంట్లో పిల్లలు పస్తులుంటే పోలయ్య పోయాడు. పాళెం పెద్ద కొండయ్య అతని పడవను గుడి పక్కకు లాగించి దురాయి వేశాడు. దురాయి అంటే వాళ్లకు శాసనమే. పోలయ్యకు నిప్పూ నీళ్లూ ఇవ్వకూడదు, అతని పడవ మీద చెయ్యి వేయకూడదు. వేసిన పెద్దే తీయాలి. ఆ కొండయ్యే ఎన్నికల్లో పాళేన్నంతా వెంటబెట్టుకుని దేవసహాయం గారికి ఓట్లు వేయించినవాడు.

మొదటిరోజే జడ్జిగారు నిండు కోర్టులో దాచకుండా చెప్పేశారు. "పోలయ్యా, నేను కొండయ్య ఇంట్లో చేపల పులుసు తిన్నోణ్ణి. ఇంకో జడ్జి కావాలంటే ఇప్పుడే చెప్పు."

"మా ఇంట్లో గూడా తిన్నారు గదయ్యా," అన్నాడు పోలయ్య. "మీరే ఇనండి."

పడవ తిరిగి ఇచ్చేయమని తీర్పు వచ్చింది. కోర్టు అమీనా వెళ్లి అప్పగించి వచ్చాడు. కొన్నాళ్లకు పోలయ్య మళ్లీ కోర్టు మెట్ల దగ్గర నిలబడ్డాడు. "పడవ నాదే అయినాది సామీ. తోసేవోడే లేడు. ఒక్కణ్ణే దాన్ని నీళ్లలోకి ఎట్టా దించేది?"

"కోర్టు పని అయిపోయిందయ్యా," అన్నాను నేను, పెద్ద తెలిసినవాడిలా.

జడ్జిగారు నా మీద విరుచుకుపడ్డారు. "ఆర్డరు వేసి గుడారంలో పడుకుంటే పట్టాళంలో మనుషులు చచ్చేవాళ్లు! అది జరిగిందో లేదో ఎవరు చూస్తారు, మీ తాతా?"

ఆదివారం చర్చి కాగానే నన్ను వెంటేసుకుని పాళేనికి వెళ్లారు. బూట్లు విడిచి, ప్యాంటు మోకాళ్లదాకా మడిచి, పడవకు భుజం పెట్టారు. ఒకపక్క నేను, ఒకపక్క పోలయ్య. పడవ కదిలితే ఒట్టు! పాళెమంతా వచ్చి చూస్తోంది.

కొండయ్య పరుగున వచ్చాడు. "ఏందయ్యా ఇది? మీరు తోసేదేంది? మా పాళెం పరువేం గావాల?"

"నీ దురాయి నీ మనుషులకు కొండయ్యా. నాకు లేదుగా. పక్కకు జరుగు."

కొండయ్య పక్కకు జరగలేదు. తువ్వాలు తలకు చుట్టుకుని, ఆయన పక్కనే పడవకు భుజం ఆనించాడు. వేసినవాడి చెయ్యే తగిలాక ఇంక దురాయి ఎక్కడిది? కేకలు పెడుతూ మగవాళ్లంతా ఉరికొచ్చారు. పడవ అలల్లోకి జారింది. పోలయ్య భార్య గట్టిగా ఏడ్చింది. నేనూ ఏడ్చాను, దాపరికమెందుకు.

కక్షిదారుడి పడవ తోసే జడ్జి ఏం జడ్జి అని ఎవరో పైకి రాశారు. ఆయన్ని దూరం బదిలీ చేశారు. వెళ్లేరోజు పోలయ్య నిగనిగలాడే పండుగప్ప చేపను తెస్తే, "నేనింకా జడ్జినేరా," అని పంపేశారు. రిటైరయ్యాక మా ఇంట్లో భోంచేస్తూ మాత్రం, "అబ్బా, ఎంత మంచి చేపను వదులుకున్నానయ్యా!" అని నిజంగానే బాధపడ్డారు.

ఆయన తిట్టి తిట్టి చదివించబట్టే నేను ప్లీడరునయ్యాను. ఇంటికి పోయే దారి కోసం ఒక ముసలమ్మ వేసిన కేసు మొన్ననే గెలిచాం. "గెలిచారుగా, ఇంకేం పని మీకక్కడ?" అంది పొద్దున మా ఆవిడ. బస్సు దిగి నడిచాను. దారికి అడ్డంగా ముళ్లకంచె అలాగే ఉంది. అవతల ముసలమ్మ నిలబడి చూస్తోంది. నేను చొక్కా చేతులు మడిచి, కంచె గుంజను పట్టి లాగాను.