హజరత్తయ్య గారింటి అధ్యక్షా

ఎమ్మెల్యే హజరత్తయ్య గారికి ఒకటే జబ్బు. ఎవరితో ఏం మాట్లాడాలన్నా ముందు "అధ్యక్షా" అనాలి. అసెంబ్లీలో అంటే తప్పదు, అందరూ అంటారు. ఈయన కోట ఊరి సంతలో వంకాయలు బేరమాడుతూ అంటాడు, మంగలి షాపులో గడ్డానికి సబ్బు పూయించుకుంటూ అంటాడు. ఆఖరికి వీధికుక్క ఇంట్లోకి దూరినా దాన్ని అదిలించడు. "అధ్యక్షా, ఇది గేటు దాటుతా ఉండాది" అని గాల్లోకి చూసి ఫిర్యాదు చేస్తాడు. ఊళ్ళోవాళ్ళకేం, నవ్వుకుని పోతారు. వేగలేక చచ్చేది ఆయన భార్య రోజారమణి.

"అధ్యక్షా! చేపల పులుసులో ఉప్పు తగ్గిన విషయం తమరి దృష్టికి తెస్తా ఉండా" అనేవాడు కంచం ముందు కూర్చుని.

"అధ్యక్షుడు ఊళ్ళో లేడు. ఉప్పు డబ్బా నీ మోచేతి కాడే ఉండాది" అనేది రోజారమణి.

"అధ్యక్షా, ప్రభుత్వానిది నిర్లక్ష్యపు సమాధానం. నిరసనగా వాకౌట్ చేస్తా ఉండా!"

చేసేవాడు కూడా. ఎంగిలి చెయ్యి పైకెత్తుకుని వరండా దాకా పోయేవాడు. పులుసు వాసన వరండాలోకీ వస్తుంది కదా, పోయినవాడు పోయినట్టే తిరిగొచ్చి కంచం ముందు కూర్చునేవాడు.

ఇది పుట్టుకతో వచ్చిన జబ్బు కాదు. గెలిచిన కొత్తలో మొదటిసారి సభలో లేచి, ఎదుటి పక్షం సభ్యుడి మీదికి వేలు చూపించి, "ఏందబ్బయ్యా నువ్వు చెప్పేది?" అని దిగాడు. స్పీకర్ గారు మైకు ఆపించి, "ఎవరి మీద కోపమున్నా సభ్యులు నన్ను చూసి మాట్లాడాలి" అన్నారు. సభంతా నవ్వింది. ఈయనకు మాత్రం ఆ రూలు తెగ నచ్చేసింది.

"ఎంత మంచి రూలే అది! తిట్టేది ఒకణ్ణి, చూసేది ఇంకొకణ్ణి. సగం తిట్లు నోట్లోనే ఆరిపోతాయి" అని ఇంటికొచ్చి పెళ్ళానికి వర్ణించి వర్ణించి చెప్పాడు. అది మొదలు ఇల్లేదో సభేదో ఆయనకు తేడా తెలియలేదు.

తెలియకపోతే ఏమవుతుందో బడ్జెట్ సమావేశాల్లో రాష్ట్రమంతా చూసింది. ఆయన తీరంలోని కరకట్టల గురించి ఊపుమీదున్నాడు. టైమైపోయిందని బుర్రమీసాల స్పీకర్ గారు గంట కొట్టారు. ఈయన పరాకులో, "ఉండమ్మే రోజా, చెప్పనీ నన్ను!" అని కసిరాడు. అధికార పక్షం, ప్రతిపక్షం ఆ ఏడాది కలిసి నవ్వింది అప్పుడొక్కసారే. మనుబోలు నుంచి రోజారమణి వాళ్ళమ్మ వెంటనే ఫోన్ చేసింది.

"ఏందే, మీ ఆయన నిన్ను అసెంబ్లీలో పిలస్తా ఉండాడు, పోలా నువ్వు?"

రోజారమణికి తల కొట్టేసినట్టయింది.

అంతటితో ఆగినా బాగుండేది. పొద్దున్నే తగాదాలతో వచ్చేవాళ్ళకు కూడా ఈ రూలు పెట్టాడు. వరండాలో అన్నీ ప్లాస్టిక్ కుర్చీలే, ఒక్కటి మాత్రం వాళ్ళ నాయన నాటి చేతుల కుర్చీ. వచ్చిన గుంపులోంచి ఎవరో ఒకరిని అందులో కూర్చోబెట్టి, "ఈ పొద్దు సభకు ఈయమ్మే అధ్యక్ష. ఏమున్నా ఈయమ్మను చూసి చెప్పండి" అనేవాడు. బోరు మోటారు కోసం కొట్టుకునే అన్నదమ్ములొస్తే, వాళ్ళమ్మను కూర్చోబెట్టాడు. ఆమెకు పాపం చెవుడు. పక్కవాణ్ణి బూతులు తిట్టాలంటే తల్లి చెవిలో అరవాలి. ఎట్లా అరుస్తారు? ఇద్దరూ నీళ్ళు నమిలి, మోటారు వంతులేసుకుని పోయారు.

"పెద్దమనుషులు అంతమంది ఉండంగా ఎవరో ఒకరిని ఎక్కిస్తావేందయ్యా? నగుబాటు!" అని రోజారమణి మొత్తుకునేది.

"అధ్యక్షా, ఎవరో ఒకరు కూర్చోవాల కదా" అనేవాడు.

పదవీకాలం ముగింపుకొచ్చింది. మళ్ళీ టికెట్టు వస్తుందా రాదా అని ఇంట్లో అందరికీ గుబులుగా ఉన్న రోజుల్లో ఆదిశేషమ్మ తగాదా వచ్చింది. భర్త లేడు, ఉన్నది చిన్న చెక్క పొలం. పక్కన నరేంద్రబాబు రొయ్యల గుంటలు. గుంటల ఉప్పునీళ్ళు పంటకాలువలో కలిసి వరసగా రెండు పైర్లు మాడిపోయాయి. మూడో పైరుకు నారు పోసుకుంది. ఇదీ పోతే పొలం నరేంద్రబాబుకే అమ్ముకుని కూలికి పోవాలి. ఆ నరేంద్రబాబు ఎవరు? పోయిన ఎన్నికల్లో ఈయన కోసం ఊరూరా కార్లు తిప్పినవాడు.

"అన్నా, ఈ పొద్దు మాత్రం ఆ కుర్చీ ఆట వద్దన్నా. నరేంద్రబాబన్న అలిగితే మన పని గోవిందా" అని పీఏ సుశీల్ కుమార్ బతిమాలాడు.

"అదే చెప్పు నాయనా, నా మాట యాడ వింటాడు?" అంది రోజారమణి వంటింటి కిటికీలోంచి.

నరేంద్రబాబు మనుషులతో వచ్చి వరండా అంతా నిండిపోయాడు. ఆదిశేషమ్మ గేటు దగ్గరే స్తంభం పట్టుకుని నిలబడింది. ఆమె ఏమంటుందో అడిగినవాళ్ళు లేరు. "ఆయమ్మకు సేద్యం చాతగాదన్నా, మా నీళ్ళ మీద పెడతా ఉండాది" అని అతను మొదలుపెట్టేశాడు.

"సభ ఇంకా మొదలవలా అబ్బయ్యా" అని హజరత్తయ్య లేచి గేటు దాకా వెళ్ళాడు. "రాక్కా. వచ్చి కూర్చో ఈ కుర్చీలో."

"నేనా సామీ? కిందనే కూర్చుంటాలే."

"అధ్యక్ష కింద కూర్చుంటే మేం యాడ కూర్చోవాలక్కా, బావిలోనా?"

ఆమె కుర్చీ అంచున బిక్కుబిక్కుమంటూ కూర్చుంది. నరేంద్రబాబు ముఖం గంటు పెట్టుకున్నాడు. "ఏందన్నా ఎగతాళి? ఈయమ్మ పైరు..."

"అధ్యక్షా, సభ్యుడు నన్ను చూస్తా ఉండాడు. నిన్ను చూసి చెప్పమనక్కా."

"నన్ను చూసి... చెప్పు నాయనా" అంది ఆదిశేషమ్మ.

"అధ్యక్షా" అన్నాడు నరేంద్రబాబు పళ్ళు కొరుకుతూ. "ఈయమ్మ..."

"ఈయమ్మ ఎవరబ్బా? ఎదురుగా ఉండేది అధ్యక్షే కదా!"

"అధ్యక్షా, నీ పైరు... మా నీళ్ళ వల్ల..." అతను ఆమె ముఖంలోకి చూశాడు. ఇన్నేళ్ళుగా గట్టు మీద ఎదురుపడుతున్నా ఆ ముఖాన్ని సరిగ్గా చూసింది లేదు. ఆమె రెప్ప వెయ్యకుండా వింటోంది. ఎంతసేపటికీ "ఎండిపోలా" అన్న అబద్ధం అతని నోటికి రాలేదు. "మురుగుకాలువ దూరమని మా వాళ్ళు పైపు పంటకాలువలోకి తిప్పినారు. నాకు తెలుసు" అన్నాడు చివరికి, గొంతు తగ్గించి. "రేపు తీయిస్తా."

"రేపేంది నాయనా? నారు ఇప్పుడే పసుపెక్కతా ఉండాది. ఈ పొద్దే తియ్" అని ఆదిశేషమ్మ కుర్చీలో వెనక్కి జరిగి, నిండుగా కూర్చుంది.

"అట్నే... అధ్యక్షా."

సుశీల్ కుమార్ రాబోయే చిక్కులన్నీ మరిచిపోయి, అసెంబ్లీలో బల్ల చరిచినట్టు టపటపా ప్లాస్టిక్ కుర్చీని చరిచాడు. పొద్దుగుంకేలోగా పైపు లేచిపోయింది. ఆ నారే ఆమె మడిలో నాటుకుంది, పండింది.

కిటికీ దగ్గర రోజారమణి గరిటె పట్టుకుని అట్లాగే ఉండిపోయింది. చెవిటి తల్లి, ఇప్పుడు ఈ ఆదిశేషమ్మ... ఎవరి మాట ఎవరూ వినరో వాళ్ళే కదా ఆ కుర్చీ ఎక్కింది! అంతలో ఇంకోటి గుర్తొచ్చింది. రెండేళ్ళ కిందట ఇంటి పంచాయితీ నాడు తననే ఎక్కించాడు. ఊరంతా తన మీద చాడీలు చెప్పే ఆడబిడ్డ, తన ముఖం చూసి "అధ్యక్షా, మా వదినె..." అనలేక నాలుక కరుచుకుంది. అప్పట్నుంచి మళ్ళీ నోరెత్తలేదు.

"ఏమయ్యో, కావాలనే చేసినావా ఇదంతా?" అని అన్నం దగ్గర నిలదీసింది.

"అధ్యక్షా, ఇది ఈ సభకు సంబంధం లేని ప్రశ్న" అని ఆయన పులుసు కలుపుకున్నాడు.

టికెట్టు ఇంకొకరికి పోయింది. పోదా మరి! చివరి సమావేశం ముగించుకుని వచ్చిన సాయంత్రం హజరత్తయ్య చొక్కా విప్పి కొయ్యకు తగిలించి, ప్లాస్టిక్ కుర్చీలో కూలబడ్డాడు. "ఏమ్మే రోజా, కాసిని కాఫీ ఇయ్యి" అన్నాడు చిన్నగా.

ఐదేళ్ళుగా ఈ పిలుపు కోసమే మొక్కుకున్న మనిషి రోజారమణి. ఇప్పుడు వినేసరికి చేదుగా అనిపించింది. కాఫీ గ్లాసుతో వచ్చి ఆయనకియ్యలేదు. నేరుగా పోయి చేతుల కుర్చీలో కూర్చుంది, కాలు మీద కాలు కూడా వేసుకుంది.

"సభ్యులు నన్ను చూసి మాట్లాడాల" అంది.

ఆయన లేచి, కొయ్యకున్న చొక్కా మళ్ళీ తొడుక్కుని, గుండీలన్నీ పెట్టుకుని, గొంతు సవరించుకున్నాడు.

"అధ్యక్షా!"