రత్నం సిస్టర్ దాచిన పేరు

షార్జా అల్ నహ్దాలో మేముండే బిల్డింగు కింద ఈజిప్టువాళ్ళ రొట్టెల కొట్టు ఒకటుంది. మొన్న పొద్దున డ్యూటీకి దిగేసరికి దాని తలుపు బార్లా తెరిచి ఉంది. రొట్టెల కింద చల్లే తవుడు మాడిన వాసన, పొంగిన రొట్టె వాసన కలిసి మెట్లదాకా వచ్చాయి. ఆస్పత్రి బస్సు ఎదురుగా ఆగి ఉన్నా రెండు నిమిషాలు కదల్లేకపోయాను. రత్నం సిస్టర్ ప్రతి శుక్రవారం, అంటే ఇక్కడి సెలవురోజున, చర్చికి వెళ్ళేముందు ఇక్కడే ఆగి రొట్టెలు కొనేవారు. ఆవిడను మీరు చూసి ఉండరు. చూసినవాళ్ళలోనూ కొందరు ఆవిడ గురించి వేరేగా చెబుతారు. అందుకే నాకు తెలిసింది రాస్తున్నాను.

రత్నం సిస్టర్‌ది రేపల్లె దగ్గర పల్లె. నేను నరసాపురం నుంచి వచ్చి చేరేనాటికే ఆవిడ గల్ఫులో పాతికేళ్ళ అనుభవమున్న నర్సు, మంచం దిగలేని వృద్ధుల వార్డుకు ఇన్‌చార్జి. ఆవిడ గొంతు పెంచి మాట్లాడగా నేను వినలేదు. రోగికి ఒళ్ళు తుడిచేటప్పుడు అతనికి స్పృహ లేకపోయినా, “ఇప్పుడు కుడిచెయ్యి ఎత్తుతున్నాను బాబాయ్,” అని తెలుగులో చెప్పి మరీ ఎత్తేవారు. ఆ ముసలాయన ఏ అరబ్బో, ఏ బలూచీయో అయ్యుండేవాడు. బైబిలు స్కూలు పాఠాలు పోస్టులో తెప్పించుకుని, డ్యూటీలు చేసుకుంటూనే పరీక్షలు రాశారట. శుక్రవారాల్లో చర్చి ఆవరణలోని ఒక గదిలో మా తెలుగు నర్సులకు బైబిలు తరగతి చెప్పేవారు.

కరోనా రెండో విడతలో మా అమ్మ పోయింది. వెళ్తే తిరిగి రావడానికి విమానాలు లేవు. సమాధి చేయడం ఫోనులో చూశాను. మట్టి వేసే సమయానికి సిగ్నల్ పోయింది. మూడోరోజు డ్యూటీకి వచ్చాను. అందరూ దేవుని చిత్తం అన్నారు. దుప్పట్ల గదిలో రత్నం సిస్టర్ ఒక్కరే ఉన్నప్పుడు అడిగేశాను.

“మనుషులు ఊపిరాడక చచ్చిపోయే లోకాన్ని మంచి దేవుడే చేశాడంటారా, సిస్టర్?”

ఆవిడ ఉలిక్కిపడలేదు. చేతిలోని దుప్పటి రెండో కొస నాకిచ్చి మడత పెట్టించారు. “నీకంటే ముందు ఈ మాట అడిగినవాళ్ళున్నారమ్మాయ్. వాళ్ళ సంగతి చెబుతాను, శుక్రవారం రా,” అన్నారు.

ఆ శుక్రవారం రొట్టెల కోసం నిలబడి ఉండగా మొదలుపెట్టారు. సుమారు ఎనభై ఏళ్ళ కిందట, ఈ కొట్టతని దేశంలోనే ఒక రైతు ఎరువు మట్టి కోసం తవ్వుతుంటే మూత బిగించిన జాడీ దొరికిందట. లోపల తోలు అట్టల పాత పుస్తకాలు. వాటిలో కొన్ని పుటలు ఆ రైతు తల్లి పొయ్యిలో వేసిందని కూడా చెప్పుకుంటారట. మిగిలినవాటిని చదివితే, తొలి శతాబ్దాల్లో క్రీస్తును తమదైన తీరులో నమ్ముకున్న మనుషుల రాతలు చాలా కనిపించాయి. జ్ఞానవాదులంటారు వాళ్ళని. “అంతవరకూ వాళ్ళేమన్నారో ఎక్కువగా వాళ్ళని తిట్టినవాళ్ళ పుస్తకాల్లోంచే తెలిసేది,” అన్నారు సిస్టర్.

తరగతిలో వివరంగా చెప్పారు. అసలు దేవుడు అందనంత పైన ఉన్నాడని, ఈ లోకాన్ని చేసింది ఆయన కాదని, ఆయనకంటే తక్కువవాడెవడో తెలియనితనంతో చేశాడని వాళ్ళలో చాలామంది నమ్మారట. వాళ్ళ దృష్టిలో ఒళ్ళు చెరసాల. లోపల చిక్కుకున్న వెలుగు రవ్వే మనిషి. క్రీస్తు వచ్చి ఆ సంగతి గుర్తుచేశాడు, అది తెలుసుకున్నవాడు బయటపడతాడు. ఆ కాలపు సంఘానికి గురువులైన సంఘ పితరులు దీనికి ఒప్పుకోలేదు. లోకాన్ని చేసిన దేవుడూ రక్షించే దేవుడూ ఒక్కడేనన్నారు. క్రీస్తుకు ఉన్నది మనలాంటి ఒళ్ళే, ఆయన పడ్డది నిజమైన నొప్పేనన్నారు. చర్చిలో మనం చెప్పే విశ్వాస ప్రమాణంలో కొన్ని మాటలు ఆ తగవులోనే గట్టిపడ్డాయని సిస్టర్ చెబుతుంటే, పద్దెనిమిది వందల ఏళ్ళ కిందటి మనిషెవరో వచ్చి నా పక్క కుర్చీలో కూర్చున్నట్టనిపించింది.

తిరిగి వస్తూ బస్సులో అడిగాను, మీరు ఎవరి వైపు అని.

“పాతికేళ్ళుగా ఒళ్ళు తుడిచేదాన్ని. దాన్ని చెరసాల అనడానికి నాకు నోరు రాదు. మీ అమ్మ ఒళ్ళే కదా నిన్ను మోసింది,” అన్నారు. మళ్ళీ, “కానీ వాళ్ళు బాధపడి అడిగారే. బాధపడి అడిగినవాళ్ళని తరిమేస్తే ఎక్కడికి పోతారు?” అన్నారు. అమ్మ పోయాక నేను మొదటిసారి ఏడ్చింది ఆ బస్సులోనే.

నెల తిరక్కుండానే ఎవరో సంఘ పెద్దలకు చెప్పారు, తరగతిలో దొంగ సువార్తలు నేర్పుతున్నారని. పెద్దలు మా అందరినీ కూర్చోబెట్టారు. వాళ్ళలో ఒకాయన, కటువైన మనిషి కాదు, మంద చెదిరిపోతుందని నిజంగానే భయపడ్డ మనిషి, ఈ విషయం ఎవరు ఎత్తారని అడిగాడు. నేను రెండో వరసలో ఉన్నాను. నా పేరు బయటికొస్తే మా ఊరి సంఘానికి కబురు వెళ్తుంది, అమ్మ పోయిన దుఃఖంలో ఉన్న నాన్న నలుగురిలో తల దించుకోవాలి. నేనే తల దించుకున్నాను. రత్నం సిస్టర్ నా వైపు చూడను కూడా చూడలేదు.

“నేనే ఎత్తానండి,” అన్నారు.

తరగతి ఆవిడ చేతిలోంచి తీసేశారు. ఆ సాయంత్రమే వాట్సాప్ గ్రూపులో ఆవిడ దారి తప్పారని, ఎవరూ ఆవిడ మాట వినొద్దని సందేశం వచ్చింది. ఆవిడ చెప్పిందేమిటో అందులో ఒక్క ముక్క లేదు.

మర్నాడు వార్డులో ఆవిడ దగ్గరికి వెళ్ళి క్షమించమన్నాను. మందుల ట్రే సర్దుతూనే, అడగడం తప్పనుకుని నోరు మూసుకున్నావా, భయమేసి మూసుకున్నావా అని అడిగారు. భయమేసే అన్నాను.

“భయమైతే తగ్గుతుందిలే,” అన్నారు.

తగ్గడానికి ఏడాదిన్నర పట్టింది. అన్నాళ్ళూ ఆవిడ చర్చి మానలేదు, ఆఖరి బెంచీలో కూర్చునేవారు. వీసా ముగించుకుని ఇంటికి వెళ్ళేముందు వీడ్కోలు ప్రార్థన పెట్టారు. అందరూ ఆవిడ సేవ గురించే మాట్లాడారు, తరగతి ఊసెత్తలేదు. నా వంతు వచ్చినప్పుడు ముందు కుర్చీ పట్టుకుని లేచాను. ఆ ప్రశ్న నాదని, అమ్మ పోయిన వారంలో అడిగానని, సిస్టర్ నా పేరు దాచి నింద తన మీద వేసుకున్నారని చెప్పాను. ఇద్దరు లేచి వెళ్ళిపోయారు. ఆరోజు ప్రశ్న వేసిన పెద్దాయన లేచి, ముగింపు ప్రార్థన రత్నమ్మగారే చేయాలన్నాడు. ప్రార్థన అయ్యాక సిస్టర్ నా మణికట్టు పట్టుకుని, “చేతులు చల్లబడిపోయాయి, పోయి టీ తాగు,” అన్నారు. అంతే.

ఇప్పుడావిడ రేపల్లెలో ఉన్నారు. మోకాళ్ళ నొప్పులు, చదువు మాత్రం ఆపలేదు. పెద్దలు ఒప్పుకోగా ఆ తరగతిని కిందటేడు నుంచి నేను చెబుతున్నాను. ఆవిడకున్న చదువు నాకు లేదు, ఆవిడ ఓపికలో సగమూ లేదు. పోయిన నెల అమలాపురం నుంచి కొత్తగా వచ్చిన ఒకమ్మాయి ఏదో అడగబోయి, అందరూ తలతిప్పి చూసేసరికి మధ్యలో ఆగిపోయింది.

“అది నా ప్రశ్న కూడా,” అన్నాను.

అప్పుడా పిల్ల మిగతా సగం అడిగింది.