సద్దుల నాటి చిరోటీలు

గద్వాల నుంచి వీపనగండ్ల పెద్ద దూరమేమీ కాదు. పెబ్బేరులో బస్సు మారితే రెండు, రెండున్నర గంటల దారి. అయినా సరోజ గద్వాలకు కోడలై వచ్చిన ఈ ఇరవై రెండేళ్లలో సద్దుల బతుకమ్మకు ఒక్కసారి కూడా పుట్టింటికి పోలేదు.

పోవద్దని ఎవరూ అనలేదు. అనివుంటే ఎదురు చెప్పయినా పోయేదేమో.

ఆ ఇంట్లో సద్దుల నాడే ఇంటిదేవతకు నైవేద్యం. ముగ్గురు ఆడబిడ్డలు బతుకమ్మ ఆడుకోవడానికి పిల్లలతో పుట్టింటికి వస్తారు. వాళ్లతోపాటు చుట్టాలు, దాయాదులు కలిసి నలభై మంది దాకా అవుతారు. ఆడబిడ్డలు పుట్టింటికి రావాలంటే కోడలు పుట్టింటికి పోకుండా ఉండాలి కదా. దీపాలు పెట్టే వేళకు దేవత ముందు చిరోటీలు ఉండాలి. అవి ఆ నాడు చేసినవే అయివుండాలి. ఆ తరువాత వచ్చినవాళ్లందరికీ వాటి మీద చక్కెర పొడి చల్లి, వేడి వేడి యాలకుల పాలు పోసి పెట్టాలి.

సరోజ అత్త మల్లమ్మది రాయచూరు అవతలి ఊరు. ఈ వంటకం ఆమెతోనే ఆ ఇంటికి వచ్చింది. పొర మీద పొరగా పువ్వులా విచ్చుకునే చిరోటీ అంటే చుట్టాలకు ఆ ఇల్లే గుర్తుకొస్తుంది. మల్లమ్మ చేతి నుంచి అది సరోజ చేతికి వచ్చి, అక్కడే ఆగిపోయింది.

ఈ ఏడు సరోజ అక్క జమ్ములమ్మ బొంబాయి నుంచి పుట్టింటికి వస్తానంది. ఆమె భర్త అక్కడ మేస్త్రీ పని చేస్తాడు. పదకొండేళ్లలో జమ్ములమ్మ ఊరికి వచ్చింది రెండుసార్లే, రెండూ చావులకే. బతుకమ్మకు రావడం ఇదే మొదలు. సద్దుల నాటి పొద్దున దిగి, మర్నాడు పొద్దున్నే మళ్లీ బొంబాయి బస్సెక్కాలి.

“సక్కగ చెప్పు చెల్లె, వస్తున్నవా లేదా?” అని ఫోన్లో అడిగింది.

“చూస్త అక్కా.”

“ఎప్పటిసంది చూస్తనే ఉన్నవ్. చూసి చూసి కండ్లకు అద్దాలొచ్చినయ్ గని నువ్వు రాలే.”

సరోజ నవ్వింది. “గట్ల గాదక్కా. ఇంటినిండ మంది ఉంటరు. చిరోటీలు చెయ్యాలె.”

“అయితే ఒక చిరోటీని పంపు. నీ బదులు దాంతోనే మాట్లాడుకుంట.”

ఆ సాయంత్రం భర్త మహిపాల్ పత్తి చేను నుంచి వచ్చి కాళ్లు కడుక్కుంటుంటే సరోజ విషయం చెప్పింది. అతను మొహం తుడుచుకుంటూ, “నాదేముంది, అమ్మనడుగు” అన్నాడు. మల్లమ్మ అప్పుడు చాటలో బియ్యం చెరుగుతోంది. తల ఎత్తకుండానే, “పో. ఎవరొద్దన్నరు? చిరోటీలు ఎవరు చేస్తరో జర చెప్పి పో” అంది.

సరోజ తోటికోడలు శ్రీవాణి అదే ఇంట్లో ఉంటుంది. మరిది నరేందర్ భార్య. ప్రైవేటు బడిలో చిన్న పిల్లలకు చదువు చెబుతుంది. పండుగకు ఇంకా రెండు ఆదివారాలుండగా సరోజ ఆమెను వంటింట్లో పీట వేసి కూర్చోబెట్టింది.

సరోజకు చెప్పడం రాదు, చేసి చూపించడమే వచ్చు. మైదా, సన్న రవ్వ కలిపి వేడి నెయ్యి పోసి, గట్టిగా పిసికి తడిబట్ట కప్పింది. పిండి నానాక అయిదు ఉండలు తీసి, కింద పీట చెక్క కనబడేంత పలచగా అయిదు రొట్టెలు ఒత్తింది. గిన్నెలో నెయ్యీ బియ్యప్పిండీ వేసి తెల్లగా నురుగులా అయ్యేదాకా వేళ్లతో గిలక్కొట్టింది. మల్లమ్మ దాన్ని సాటి అంటుంది. రొట్టె రొట్టెకూ మధ్య సాటి రాసి, అయిదూ ఒకదాని మీద ఒకటి పేర్చి, చాప చుట్టినట్టు బిగించి చుట్టి, వేలి మందాన ముక్కలు కోసింది. ఒక ముక్కను కోసిన వైపు పైకి వచ్చేట్టు పెట్టి, అరచేత్తో నొక్కి, రొట్టెల కర్రను ఒక్కసారి ఆడించి వదిలేసింది.

“ఇక్కడనే ఉంది పనంత. ఎక్కువ ఒత్తితే పొరలు అంటుకుంటయి. తక్కువ ఒత్తితే నూనెల విడిపోతయి.”

“ఎంత ఒత్తాలె అక్కా?”

“చెయ్యికి తెలుస్తది.”

శ్రీవాణి ముక్కలన్నీ చపాతీల్లా ఒత్తేసింది. నూనెలో వేస్తే పొరలు రాలేదు, అప్పచ్చుల్లా గట్టిగా అయ్యాయి. రెండో ఆదివారం మళ్లీ అంతే. అయితే ఈసారి సరోజ పిండిని చూడలేదు, శ్రీవాణి చేతులను చూసింది. పిండి పిసకడం, సాటి రాయడం, చుట్టడం అన్నీ ఒద్దికగా చేసిన చేతులు, చివర కర్ర పట్టుకోగానే మొద్దుబారినట్టయ్యాయి.

“నీకు వస్తది శ్రీవాణీ. కావాల్నని ఒత్తుతున్నవ్.”

శ్రీవాణి తలుపు వైపు చూసి గొంతు తగ్గించింది. “వస్తది. అందుకే రానిస్తలేను.”

“ఎందుకట్ల?”

“ఈసారి నువ్వు పోతవ్, నేను కూసుంట. సరే. వచ్చే ఏడు? ఆ మీది ఏడు? నాకు పెద్దమందడిల పుట్టిల్లు లేదా అక్కా? నైవేద్యం అయినంక దసరా నాడన్న పోయొస్తున్న. మంచిగ చేస్తనని ఒక్కసారి తెలిసిందంటే అది గూడ పోతది. నిన్ను చూస్తలేనా.”

సరోజ కోపం తెచ్చుకోవాలని చూసింది. రాలేదు. శ్రీవాణి మాటల్లో తప్పు పట్టడానికేమీ దొరకలేదు.

సద్దుల నాడు తెల్లవారేసరికి పిండి తడిబట్ట కింద ఉంది. పొద్దెక్కుతుండగా ఆడబిడ్డలు దిగారు. వాకిట్లో తంగేడు పూలు, గునుగు పూలు కుప్పలు పోసి పిల్లలు వేరు చేస్తున్నారు. పెద్ద ఆడబిడ్డ వంటింటి గడప మీద నిలబడి, “వదినా, పోయినేడు తొమ్మిది తిన్న. మీ అన్నయ్య లెక్కపెట్టి ఊరంత చెప్పిండు. ఈసారి లెక్కపెట్టెటోళ్లకు కనబడకుండ తింట” అంది. సరోజ నవ్వుతూ, “నువ్వు వంటింట్లనే కూసో” అంది.

పది గంటలకు అక్క ఫోన్ చేసింది. తెర మీద అక్క మొహం, వెనక పుట్టింటి వాకిలి కనిపించాయి. జమ్ములమ్మ చిక్కిపోయింది. ముందు జుట్టు తెల్లబడింది.

“దిగిన చెల్లె. రెండు గంటల బస్సుకు ఎక్కినా నాలుగున్నరకు ఈడుంటవ్. నీకు కూడ కలిపి పెద్ద తాంబాలంల పేరుస్తున్న.”

ఆ రెండు గంటల బస్సు కోసం సరోజ ఒక ఉపాయం ఆలోచించుకుంది. మొదటి వాయి చెడగొట్టాలి. రెండో వాయి కూడా చెడిపోవాలి. పిండి సరిగ్గా లేదనో, రవ్వలో తేడా ఉందనో చెప్పాలి. ఆడబిడ్డలు కాసేపు సణుగుతారు. దేవతకు మల్లమ్మ పరమాన్నం వండుతుంది. చుట్టాలకు నరేందర్ దుకాణం నుంచి మిఠాయి తెస్తాడు. ఒకసారి చెడిపోయిందంటే మళ్లీ ఏడు కూడా ఎవరూ నమ్మకంగా అడగరు. చెడగొట్టడం కష్టమేమీ కాదు. సాటి రాయకపోతే చాలు.

గ్యాసు పొయ్యి నేల మీద పెట్టి పెద్ద బాండీలో నూనె పోసింది. అయిదు రొట్టెలు ఒత్తి, సాటి గిన్నెను పీట వెనక్కి జరిపి, వట్టివే పేర్చి చుట్టి కోసింది. మొదటి ముక్క నూనెలో వేసింది. అది అడుగుకు పోయి, కొంతసేపటికి తేలి, ఎట్లా వేసిందో అట్లాగే ఉండిపోయింది. పైన గరిటెతో నూనె పోసినా కదల్లేదు. బిళ్లలా అయింది.

సరోజ దాన్ని తీసి పళ్లెంలో పెట్టింది. అనుకున్నట్టే వచ్చింది. ఇంకో పద్నాలుగు ఇట్లాంటివి వేయించి వాకిట్లోకి తీసుకుపోయి చూపిస్తే పని అయిపోతుంది. ఆమె ఆ బిళ్లను కొంతసేపు చూసింది. దాని మీద మూత బోర్లించింది. కోసిన ముక్కలన్నీ కలిపి ముద్ద చేసి పక్కన పెట్టి, కొత్త ఉండలు తీసుకుంది. సాటి గిన్నె మళ్లీ ముందుకు జరుపుకుంది. ఈసారి వేసిన ముక్క నూనెలో తేలగానే ఒక్కో పొర పక్కకు జరిగి తెరుచుకుంది.

వెనక నుంచి మూత ఎత్తిన చప్పుడయింది. మల్లమ్మ పీట లాక్కుని కూర్చుని, ఆ బిళ్లను రెండు ముక్కలుగా విరిచి, విరిగిన చోట వేలితో తడిమి చూసింది.

“సాటి రాయలేదు” అంది.

సరోజ ఇంకో ముక్కను నూనెలోకి వదిలింది.

“నేను గూడ ఒక ఏడు చెడగొట్ట చూసిన. సద్దుల నాడే మా తమ్ముని కొడుకును తొట్టెలల ఏసుడు. నూనె పొగలొచ్చేదాకా మంట పెట్టిన, మాడిపోవాల్నని. ముక్క చేతుల పట్టుకున్న. ఏసుడు గాలే. మంట తగ్గించి మళ్ల చల్లారినంకనే ఏసిన.”

“తొట్టెలకు పోయినవా?”

“ఏడ పోయిన. ఆ మీది ఏడు నువ్వొచ్చినవ్.” మల్లమ్మ ఆ ముక్కలను మళ్లీ మూత కింద పెట్టింది. “నీకు మూడు పండుగలు పక్కన కూసొని నేర్పిన. మూడో ఏడు మంచిగొచ్చినయి. నాలుగో ఏడు సద్దులకు నేనేడున్న?”

సరోజకు గుర్తుంది. మల్లమ్మ రాయచూరు బస్సెక్కింది. ఆ నాడు చుట్టాలందరూ కొత్త కోడలి చేతిని మెచ్చుకున్నారు. ఆ మెప్పుకు సరోజకు రాత్రి నిద్ర పట్టలేదు. అత్త ఎందుకు లేదో అప్పుడు ఆలోచించలేదు.

“నేర్పుడొక్కటే దారి సరోజ. ఇంకో దారి నాకైతే దొరకలే” అంది మల్లమ్మ. “శ్రీవాణి హుషారుది, చిక్కలే. నీకు బిడ్డ ఉంది.”

ఆ మాట విన్నదో ఏమో, తేజస్విని లోపలికి వచ్చింది. సరోజ కూతురు, డిగ్రీ రెండో ఏడు. చేతులు తంగేడు పసుపుతో ఉంటే కడుక్కుని, కొంగుకు తుడుచుకుని తల్లి పక్కన కూర్చుంది.

“అమ్మా, ఒంటిగంట దాటింది. నాకు చూపియ్, నేను చేస్త. నువ్వు బస్సుకు పో.”

“గంటల వచ్చేదా ఇది?”

“నానమ్మ ఉంది గద పక్కన. చూస్త చూస్తనే పెరిగిన, నాకు తెల్వదా?”

సరోజ వద్దనేలోగానే తేజస్విని ఒక ముక్క తీసుకుని, కోసిన వైపు పైకి పెట్టి, అరచెయ్యి ఆనించి, కర్రను ఒక్కసారి ఆడించి వదిలేసింది. చుట్టు మీద చుట్టుగా పొరలన్నీ విడివిడిగా పైకి కనబడుతున్నాయి. సరోజకు ఆ ఒత్తుడు కుదరడానికి మూడు పండుగలు పట్టింది.

మల్లమ్మ కొంచెం ముందుకు వంగింది.

సరోజ కూతురి చేతిలోంచి కర్ర తీసుకుంది. “లే. నీకు రాదు.”

“మంచిగనే వచ్చింది గదమ్మా.”

“రాలే. ఎక్కువ ఒత్తినవ్. పొరలన్నీ అంటుకున్నయి.”

“నూనెల ఏసి చూద్దాం.”

“నూనె ఖరాబైతది. నీది చదువుకునే చెయ్యి, దీనికి పనికి రాదు. పోయి బతుకమ్మ పేర్చుకో.”

తేజస్విని మొహం ఎర్రబడింది. “నీ కోసమే అడిగిన. రేపు పొద్దుగాల పెద్దమ్మ పోతది.”

“తెలుసు. ఆమెకు ఫోన్ చేసి చెప్పు, అమ్మ వస్తలేదని. నా చేతికి నూనె ఉంది.”

తేజస్విని లేచి వెళ్లిపోయింది. గడప దాటుతూ వెనక్కి తిరిగి చూస్తుందేమోనని సరోజ బాండీ మీదికి వంగింది. ఆ పిల్ల చూడలేదు. కాసేపటికి వాకిట్లోంచి ఆమె గొంతు వినిపించింది. ఫోన్లో ఏదో తగ్గు స్వరంతో చెబుతోంది.

మల్లమ్మ కోడలి వైపు చూసి, మొహం వాకిలి వైపు తిప్పుకుంది.

పీట మీద కూతురు ఒత్తిన ముక్క ఒక్కటే మిగిలింది. సరోజ దాన్ని మెల్లగా నూనెలోకి జార్చింది. అది తేలింది. నడిమధ్యన గరిటెతో నూనె పోసింది. పొరలు ఒక్కొక్కటే లేచి, అంచుల దగ్గర వెడల్పయి, ఒకదాన్నొకటి తాకకుండా నిలబడ్డాయి. సరోజ చేసిన వాయిలో అట్లాంటిది ఒక్కటి కూడా లేదు. దాన్ని తీసి పళ్లెంలో మిగతావాటి పక్కన పెట్టింది. ఎవరు చూసినా అది వేరే చేతిదని తెలిసిపోతుంది. ఆడబిడ్డలకైతే చూడగానే తెలుస్తుంది.

నైవేద్యం కాకముందు ఒక్క తునక నోట పెట్టి ఎరగని మనిషి ఆమె. ఆ చిరోటీని వేళ్లు కాలుతుంటే తీసుకుని, విరిచి, చక్కెర లేకుండా పాలు లేకుండా, గోడ వైపు తిరిగి మొత్తం తినేసింది. ఒళ్లో రాలిన తునకలు కూడా ఏరుకుని తిన్నది.

“వదినా, మొదటి వాయి అయిందా?” పెద్ద ఆడబిడ్డ వాకిట్లోంచి కేకేసింది.

“అయితున్నయ్” అంది సరోజ, నోట్లోది మింగి.